ఇంటి తూకం

జాన్‌బీ పని నుంచి వచ్చేసరికి ఆ రోజూ ఇల్లు పైనే ఉంది.

అల్లూరు రొయ్యల షెడ్డులో నాలుగింటికి పని దిగి, రెండు ఆటోలు మారి, జువ్వలదిన్నె హార్బరు రోడ్డు మీద నుంచి తమ వీధిలోకి నడిచి వచ్చేసరికి ఐదుంపావు అవుతుంది. ఇదివరకు ఆ వేళకు ఇల్లు మోకాలెత్తున ఉండేది. స్టూలు వేసుకుని ఎక్కి లోపలికి పోయేది. ఈ పది రోజులుగా మాత్రం కొబ్బరిచెట్టు ఎత్తుకు పోయి నిలబడుతోంది. కింద మిగిలేది పునాది రాళ్ళూ, సిమెంటు మెట్టూ. ఆమె ఆ మెట్టు మీద కూచుని, క్యారియరు పక్కన పెట్టుకుని, పొద్దుననగా ఐసులో పెట్టిన వేళ్ళను చంకల్లో దూర్చుకుంది. తల ఎత్తి చూస్తే ఇంటి అడుగు కనపడుతుంది. అడుగున అంటుకున్న మన్ను అప్పుడప్పుడూ రాలి పమిట మీద పడుతుంది.

ఎదురింటి పేరమ్మ ఎండుచేపల తట్ట దించుకుంటూ పలకరించింది. "ఇంకా దిగలేదా మీ ఆయన?"

"ఏ కొండల మీదుండాడో ఏమో."

"టీ పెట్టేదా?"

"పెట్టు అక్కా. దిగేసరికి ఏ పొద్దవుతాదో."

వీధిలో ఎవరికీ అది వింత కాదు. కరెంటు లైన్‌మన్ ఆ ఇంటి సర్వీసు వైరు ఇరవై బారలు ఎక్కువ వదిలి, చుట్టగా చుట్టి స్తంభానికి తగిలించి పోయాడు. గ్యాసు బండ తెచ్చేవాడు ముందు ఫోన్ చేసి "కిందుండారా?" అని కనుక్కుని వస్తాడు. అంతే.

జాన్‌బీ మొగుడు దరియావలి హార్బరులో పడవ ఇంజన్లు బాగుచేసేవాడు. ఆరేళ్ళ కిందట ఇంజను పైకెత్తే గొలుసు జారి, ఆ ఇంజను వచ్చి అతని తుంటి మీద పడింది. ప్రాణం దక్కింది గానీ చేతికర్ర పట్టుకుని మంచం నుంచి కుర్చీకి, కుర్చీ నుంచి దొడ్డికి పోవడమే నడక అయింది. వీధిలో కాలు పెట్టలేదు. హార్బరు మాట ఎత్తితే గోడవైపు తిరిగి పడుకునేవాడు. అప్పుడు బిట్రగుంటలో నెట్ సెంటరు నడిపే రూఫస్ ఒక పాత కంప్యూటరు తెచ్చి పెట్టాడు. వాళ్ళ నాయన పేరు సమాధానం, ఆయన పడవకు ఇరవై ఏళ్ళు ఇంజను చూసింది దరియావలే. ఆ అభిమానం.

కంప్యూటరులో ఇంట్లో కూచుని విమానం తోలే ఏర్పాటుంది. ఆట అంటే రూఫస్ ఒప్పుకోడు. "సిమ్యులేటరు వదినా. పైలట్లు నేర్చుకునేది దీంట్లోనే," అంటాడు. దరియావలి పడవ యాక్సిలేటరు లివరును తెచ్చి బల్లకు బిగించుకున్నాడు. మొదటిసారి విమానం తెరలో నేల వదిలినప్పుడు ఇల్లూ జానెడు లేచింది. జాన్‌బీ బియ్యం కడుగుతోంది. గిన్నెలో నీళ్ళు ఒక పక్కకు వాలాయి. ఆ పూట అతను ఎన్నో నెలల తరవాత మారు అన్నం పెట్టించుకుని తిన్నాడు. అందుకని ఆమె ఏమీ అనలేదు.

అతను ఎగిరేదంతా పరాయి దేశాల్లో. మంచు కొండలు, చెరువులు, ఎవరివో పచ్చిక బీళ్ళు. మన సముద్రం మీద ఒక్కనాడూ ఎగరలేదు. తెరలో ఎంత దూరం పోయినా ఇల్లు మాత్రం ఈ వీధి మీదే, పునాదికి నేరుగా నిలబడి ఉండేది. అక్కడ విమానం వాలితే ఇక్కడ ఇల్లు వాలేది.

కష్టమంతా ఈ పది రోజుల్లోనే వచ్చింది. సిమ్యులేటరుతో పాటు వచ్చే విమానాలు పాతబడ్డాయనీ, వేరేగా తయారుచేసి ఇచ్చే విమానాలు కొని ఎక్కించుకోవచ్చనీ రూఫస్ చెప్పాడు. వాటిని యాడాన్‌లంటారట. ఒకదాన్ని వాడి చూడమని పది రోజులకు పెట్టాడు. అది రెక్కలు కిందుండే పెద్ద విమానం, ఒకసారి నూనె పోస్తే ఐదారు గంటలు దిగదు. నచ్చితే అది, లేకుంటే ఇంకోటి. కంప్యూటరు నిండిపోయింది, ఇంకొక్క విమానానికే చోటుందని చెప్పాడు.

ఏది ఎక్కించాలో దరియావలి తేల్చుకోలేకపోయాడు. నాలుగింటి పేర్లు గోడ మీద పెన్సిలుతో రాసుకుని పొద్దస్తమానం వాటినే చూసేవాడు.

ఆదివారం చర్చి అయినాక రూఫస్ వచ్చాడు. జాన్‌బీకి సెలవు. చాప మీద నడుం వాల్చి, ఉప్పేసిన వేడినీళ్ళ బకెట్లో పాదాలు పెట్టుకుని ఉంది. ఇల్లు నేల మీదుంది.

"చెప్పన్నా, యేది?" అన్నాడు రూఫస్.

"ముందు ఇంజన్లు ఇనిపించు."

రూఫస్ ఒక్కో విమానం శబ్దం పెట్టాడు. దరియావలి స్క్రూడ్రైవరు మొన స్పీకరు పెట్టెకు ఆనించి, పిడి చెవికి పెట్టుకుని, కళ్ళు మూసుకున్నాడు. పడవ ఇంజనుకు రోగం కనిపెట్టేది అట్లాగే.

"ఈ రెండింజన్లది వద్దు," అన్నాడు కాసేపటికి.

"యేమన్నా? ఒకటి ఆగినా రెండోది ఇల్లు చేరస్తాది."

"రెండూ ఒకే గొంతు. ఒక ఇంజనును రెండుసార్లు ఇనిపిస్తాండారు. యే రెండింజన్లన్నా ఒక్క మాదిరి మాట్లాడతాయా?"

"అది నీకు తప్ప ఎవురికీ దొరకదన్నా. సరే, ఇది జూడు. నాలుగు సీట్లది. మీటర్లుండవు, అంతా టీవీ మాదిరి తెర."

"తెరలో ఇంకో తెరా? నాకు ముల్లు గావాల. ముల్లు వణికితే ఇంజను కడుపులో ఏముందో తెలస్తాది."

"అట్లయితే మిగిలింది పెద్దది, చిన్నది. చిన్నది గుడ్డ తొడిగిన విమానం, రెండే సీట్లు. రెక్క పైనుంటాది. ఇంజను మాత్రం అసలుది మాదిరే, నూనె తాగతాది, ప్లగ్గులకు మసి పడతాది, ఇయ్యాల సరిగ్గా చూసుకోకపోతే రేపు మొరాయిస్తాది. అన్నీ గుర్తు పెట్టుకుంటాది."

దరియావలి ముఖంలో ఆశ కనపడింది. వెంటనే ఆరిపోయింది. "పెద్దది మబ్బు పైకి పోతాది రా. ఆడ ఎండే. ఒక్క మనిషి ఉండడు."

రూఫస్ ఇద్దరినీ చూశాడు. "వదినా, నువ్వు చెప్పు. లేచేది నీ ఇల్లు గూడా గదా."

"ఐదో తరగతి చదివినదాన్ని, నాకేం తెల్సు," అంది జాన్‌బీ. కాళ్ళు బకెట్లోంచి తీసి తుడుచుకుంది. "ఏది ఎంతసేపటికి దిగతాదో చెప్పు."

"పెద్దది ఐదున్నర గంటలు. చిన్నదాని ట్యాంకు చిన్నది. రెండు గంటలు. దానికి దిగడానికి చోటు గూడా పెద్దగా అక్కర్లేదు, పొలం గట్టైనా చాలు."

"చిన్నది ఎక్కించు."

దరియావలి స్క్రూడ్రైవరు బల్ల మీద పెట్టాడు. "నన్ను ఎగరొద్దంటాండావా?"

"నేనెప్పుడన్నా? దిగి రమ్మంటాండా."

"రెండు సీట్లదే అది."

"మనం ఇద్దరమే గదయ్యా."

రూఫస్ చిన్న విమానం ఎక్కించాడు.

సోమవారం ఆమె వచ్చేసరికి ఇల్లు గోడెత్తున, వంటగది కిందికీ వీధి తలుపు ఆకాశానికీ తిరిగి నిలబడి ఉంది. బియ్యం మూట వంటింటి తలుపులోంచి జారి పునాదిలో పడింది. పేరమ్మ రేకుల కప్పు మీద నుంచి ఒక సత్తు గిన్నె దించుతోంది.

"మీ చేపల పులుసు మా ఇంటి మీదికొచ్చింది జాన్‌బీ. ఉప్పు తగ్గింది."

ఎగిరే ముందు ఏ బరువు ఎక్కడుందో ఆ విమానం అడుగుతుందట. దరియావలి పడవకు సర్దినట్టే సర్దాడు. అలల్ని దాటి సముద్రంలోకి పోవాలంటే పడవ ముక్కు పైకి ఉండాలి, ఐసూ వలలూ వెనక వేయాలి. అతనికి తెలిసిన బరువు అది. ఫోన్లో రూఫస్ తల పట్టుకున్నాడు. "పడవ కాదన్నా అది. వెనక బరువైతే ముక్కు లేచి, లేచి, ధబీమని పడతాది. చిన్న విమానం, నాలుగు కిలోలు తేడా వచ్చినా ఓర్చుకోదు. ఇంట్లో సామానంతా తూచి, యాడ ఎంతుందో రాసుకో."

పేరమ్మ చేపల కాటా అరువిచ్చింది. రెండు రోజులు దరియావలి ఇల్లంతా తూచాడు. రోలు, గ్యాసు బండ, దుప్పట్లు, అతని చేతికర్ర, జాన్‌బీ ట్రంకుపెట్టె, గోడ గడియారం. అన్నీ గోడ మీద రాశాడు. బుధవారం సాయంత్రం ఆమెను కూడా కాటా ఎక్కమన్నాడు. ఆమె ఎక్కింది. నలభై మూడు.

"ఇంత తగ్గినావే," అన్నాడు. ఆరేళ్ళలో అతను ఆమెను చూసి ఆమె గురించి అన్న మొదటి మాట అది. అతను నలభై మూడు అని గోడ మీద రాసి, కాసేపు చూసి, కొట్టేశాడు.

"ఎందుకు కొట్టేసినావ్?"

"నేను ఎగిరేటప్పుడు నువ్వు ఇంట్లో ఉండవు గదా."

తప్పు మాట కాదు. నిజమే. ఆమె కాటా దిగి పొయ్యి దగ్గరికి పోయింది.

గురువారం ఆమె వీధి మలుపు తిరిగేసరికి ఇల్లు తిన్నగా, బరువు సరిపడి, చల్లగా దిగుతూ కనపడింది. ఆమె అడుగు జోరు చేసింది. ఎన్నాళ్ళకో ఒక సాయంత్రం తన చాప మీద తాను వెల్లకిలా పడుకోవచ్చు. ఇల్లు పునాదికి ఆనింది. ఆమె మెట్టు మీద కాలు పెట్టేలోపు మళ్ళీ గుర్రుమని లేచిపోయింది. ట్యాంకు చిన్నదైతే ఏముంది, తెరలో నూనె పోసుకోడానికి ఒక మీట నొక్కితే సరిపోయె.

జాన్‌బీ మెట్టు మీద కూచుంది. ఏడుపు రాలేదు. ఏడవడానికి కూడా ఓపిక కావాలి. ఆరు గంటలకు, పొద్దుగూకే మగ్రిబ్ అజాన్ వినపడే వేళ, సంగం ఊళ్ళో ఉన్న అక్క మస్తాన్‌బీకి ఫోన్ చేసింది. పెన్నా కాలువ పక్కన అక్క ఇల్లు. ఒక గది ఖాళీగానే ఉంటుంది.

"కొట్టినాడా?" అంది అక్క.

"అబ్బే. మంచోడే."

"మరి?"

"అలిసిపోయినానక్కా."

"వచ్చెయ్," అంది మస్తాన్‌బీ.

శనివారం తెల్లారి అతను లేవకముందే జాన్‌బీ తన ట్రంకుపెట్టెలోంచి నాలుగు చీరలు, చలికి కప్పుకునే శాలువా, కళ్ళజోడు, ఆధారు కార్డు ఒక గుడ్డ సంచిలో సర్దుకుంది. అన్నం వండి, కూర మూతపెట్టి, షెడ్డుకు పోయింది. పని దిగినాక అటునుంచి అటే నెల్లూరు బస్సెక్కి, అక్కడ సంగం బస్సు పట్టుకోవాలని.

పక్కన నిలబడి రొయ్య తలలు తీసే ప్రేమలీల సంచి చూసి అడిగింది. జాన్‌బీ చెప్పింది.

"మొగుడు తాగతాడని పోయేవాళ్ళను చూసినా, కొడతాడని పోయేవాళ్ళను చూసినా," అంది ప్రేమలీల చేతులు ఆపకుండా. "ఎగరతాడని పోయేదానివి నువ్వొక్కదానివే."

"ఎగిరితే ఎగిరినాడు. దిగడు గదా."

"మా ఆయన దిగినోడే, ఇరవై నాలుగ్గంటలూ మంచం మీదే. తీసుకుపోతావా సంగం?"

జాన్‌బీ నవ్వింది. నవ్వినా వేళ్ళు ఐసులో కొంకర్లు పోతూనే ఉన్నాయి.

నాలుగయింది. గేటు దాటి ఆడవాళ్ళంతా రోడ్డు మీదికి వచ్చారు. జాన్‌బీ సంచి భుజాన వేసుకుని బస్సు వచ్చే దిక్కు చూస్తోంది. ప్రేమలీల ఆమె మోచెయ్యి పట్టుకుని తూర్పుకు తిప్పింది.

"అది మీ ఇల్లు గాదూ?"

రొయ్యల గుంటల మీదుగా, నీళ్ళకు గాలి పట్టించే ఏరియేటర్లు చిమ్మే తుంపర్లకు కాస్త పైగా, ఇల్లు వస్తోంది. నిదానంగా వస్తోంది. గట్టు మీద సైకిలు తొక్కే మనిషి దాన్ని దాటిపోయాడు. సర్వీసు వైరు కోసి, చుట్ట చుట్టి, పడవ తాడుతో కిటికీ ఊచకు కట్టేసి ఉంది. వంటింటి తలుపుకు గడియ వేసి ఉంది. గోడల మీద సున్నం పెచ్చులు ఎండలో తెల్లగా మెరిశాయి. షెడ్డు పక్కన నీళ్ళు తీసేసి ఎండబెట్టిన గుంట ఒకటుంది, నూరడుగుల నేల. ఒక చివర గట్టు, ఇంకో చివర ఐసు లారీ. ఇల్లు ఆ గుంట పైన ఒక చుట్టు తిరిగింది. ఏరు సముద్రంలో కలిసే మొగలోకి వచ్చే ముందు పడవవాళ్ళు నీటి లోతు చూసుకున్నట్టు. తరవాత గట్టును దాటీదాటగానే కిందికి వంగి, ఉప్పు పేరిన నేలను తాకి, కాస్త దూరం ఈడ్చుకుపోయి, లారీకి పది బారలు ఇవతల ఆగింది.

లారీ డ్రైవరు హారను కొట్టాడు. "ఎవరిదమ్మా ఈ ఇల్లు? నేను బండి తిప్పుకోవాల."

"మా జాన్‌బీ వాళ్ళది. వెనక్కి తీసుకుని తిప్పుకో," అంది ప్రేమలీల.

జాన్‌బీ గుంటలోకి దిగి తలుపు దగ్గరికి పోయింది. లోపల దరియావలి కుర్చీలో కూచుని ఉన్నాడు. చొక్కా చెమటకు వీపుకు అతుక్కుపోయింది. బల్ల కింద రెండు పడవ బ్యాటరీలు. తెరలో జువ్వలదిన్నె నుంచి అల్లూరు దాకా సముద్రపు ఒడ్డు ఉంది. ఇన్నేళ్ళకు మొదటిసారి అతను తన ఊళ్ళోనే విమానం ఎక్కాడు. హార్బరు మీద నుంచి వచ్చాడు. కళ్ళు ఎర్రగా ఉన్నాయి.

"పొద్దున ఇల్లు తేలిగ్గా లేచింది," అన్నాడు ఆమె వైపు చూడకుండా. "నాలుగున్నర కిలోలు తక్కువ. దించేసినా. గోడ మీద రాసుకున్నవన్నీ ఒకటొకటి మళ్ళీ తూచినా. రోలు తూచినా, దుప్పట్లు తూచినా. నీ పెట్టె కాడ ఆగిపోయినా."

జాన్‌బీ గడప అవతలే నిలబడింది. సంచి దించలేదు.

"సంగమా?"

"ఊఁ."

"అక్క కాడికా?"

"ఊఁ."

అతను మీటర్ల వైపు చూశాడు. నూనె ముల్లు అడుగున పడుకుని ఉంది. "ఈడికి రావడానికే అయిపోయింది. ఎదురుగాలి. సంగం పోవాలంటే మళ్ళీ నింపాల. నింపితే పోతాది. సంగం బ్యారేజీ పక్కన దింపతా, బస్సులో నిలబడే పని లేకుండా." లివరు మీద నుంచి చెయ్యి తీశాడు. "నింపమంటావా, వద్దంటావా? నువ్వు చెప్పు. నేను ఊరికే ఎక్కీ దిగీ చేస్తుంటే నువ్వు కింద కూచునుంటావని నాకు తెలవక కాదు. పైనుంచి మెట్టు కనపడతాది. నువ్వు కనపడతావు. దిగితే నీ మొహం చూడాల గదా అని దిగేవాణ్ణి గాదు."

గేటు అవతల నెల్లూరు బస్సు ఆగింది. కండక్టరు రెండుసార్లు బండి తట్టాడు. బస్సు వెళ్ళిపోయేదాకా జాన్‌బీ దాని వైపే చూసింది. తరవాత లోపలికి వచ్చింది. ఆమె కాలు పెట్టగానే ఇల్లు ఉప్పు నేలలోకి ఒక వేలెడు దిగబడింది.

"వద్దు. ఆపెయ్," అంది.

అతను తాళం తిప్పాడు. పంకా ఆగినప్పటిలా శబ్దం సన్నబడి, సన్నబడి పోయింది. ఇంట్లో అంత నిశ్శబ్దం ఆమె ఎప్పుడు విందో గుర్తులేదు. చాప పరుచుకోబోతుంటే ఫోన్ మోగింది. అక్క.

"బస్సెక్కినావా?"

"లేదక్కా. ఇల్లు ఈడికే వచ్చింది. షెడ్డు కాడికి."

"అట్నా," అంది మస్తాన్‌బీ. కాస్త ఆలోచించి, "నీళ్ళుండాయా ఆడ?" అంది.

"షెడ్డు బోరుండాది."

"కరెంటో?"

"అడగాల."

"సరే అడుగు. గది ఊడ్చి పెట్టినా. ఊడ్చింది ఊడ్చినట్టే ఉంటాదిలే," అని పెట్టేసింది.

జాన్‌బీ ఫోన్ పక్కన పెట్టి చూసేసరికి దరియావలి కర్ర పట్టుకుని గడప దాకా వచ్చి నిలబడి ఉన్నాడు. ఎదురుగా గుంట గట్టు, దాని మీద టీ కాచుకుంటున్న ఆడవాళ్ళు, తిరగలేక తిప్పలు పడుతున్న లారీ. ఆరేళ్ళలో అతను తలుపు దగ్గర నిలబడి బయటి మనుషుల్ని చూసింది లేదు.

"ఆ లారీ ఇంజను బాగలేదు మే," అన్నాడు. "నాజిల్ కొడతాంది. ఇంకో పది రోజులకు రోడ్డు మధ్యలో ఆగతాది."

"పోయి చెప్పు మరి."

అతను కిందికి చూశాడు. మెట్టు లేదు. మెట్టు జువ్వలదిన్నెలోనే ఉండిపోయింది. గడపకూ నేలకూ మధ్య మూరెడు.

"చెయ్యియ్యి," అన్నాడు.

పొద్దుట నుంచి నిలబడి ఉన్న కాళ్ళవి. అయినా జాన్‌బీ ముందు తను దిగి, మడమలు ఉప్పు నేలలో గట్టిగా ఆనించి, భుజం ఇచ్చింది. అతను కర్ర కింద పెట్టి, ఒక కాలు దింపి, ఆగి, రెండో కాలు దింపాడు. అతని బరువంతా ఆమె మీద పడింది. ఆమె రెండో చెయ్యి అతని నడుం చుట్టూ వేసి పట్టుకుంది. గట్టు మీది నుంచి ప్రేమలీల చూసి, టీ గ్లాసు పక్కామెకిచ్చి, రెండో వైపు పట్టుకోడానికి దిగి వచ్చింది.

"మెల్లిగా అన్నా," అంది. "తొందరేం లేదు. లారీ యాడికి పోతాది."